ఒకే కారు, మూడు కూలెంట్ డబ్బాలు

మా ఇంట్లో 2012 నుంచి ఒకటే కారు, డీజిల్ హ్యాచ్‌బ్యాక్. మేముండేది సూర్యాపేటలో, అమ్మ వైద్యం విజయవాడలో. నెలకు ఒకటి రెండుసార్లు 65వ నంబరు జాతీయ రహదారి మీద పొద్దున వెళ్లి రాత్రికి తిరిగి వస్తాం. ఈ పదమూడేళ్లలో ఆ కారుకు మూడు ఎక్స్‌పాన్షన్ ట్యాంకులు పడ్డాయి, అంటే ఇంజన్‌ను చల్లబరిచే కూలెంట్ ద్రవం ఉండే ప్లాస్టిక్ డబ్బాలు. కారుతోపాటు వచ్చింది 9 ఏళ్లు పనిచేసింది. బజార్లో తక్కువ ధరకు కొన్నది 15 నెలలకే పోయింది. ఆ తర్వాత కంపెనీ పార్టు కొని వేసుకున్నాను. అది మూడేళ్లు దాటి, 41 వేల కిలోమీటర్లు తిరిగి, ఇంకా గట్టిగా ఉంది. డబ్బా మార్చడం గంట పని. కూలెంట్ తగ్గిపోతుంటే, లీకు డబ్బాలోనే ఉందని తెలుసుకోవడానికి మాత్రం నాకు రెండు నెలలు పట్టింది. అందుకే మార్చడం గురించి కంటే కనిపెట్టడం గురించే ఎక్కువ రాస్తున్నాను.

ముందు ఈ డబ్బా ఏం చేస్తుందో చెప్పాలి. అది తెలియకపోతే లీకు ఎందుకు దొరకదో అర్థం కాదు. ఇంజన్ వేడెక్కితే లోపలి కూలెంట్ ఉబ్బుతుంది. ఐదారు లీటర్లు పట్టే కారులో పావు లీటరు పైనే పెరుగుతుంది. ఆ పెరిగింది చేరే చోటే ఈ ట్యాంకు. కొన్ని కార్లలో రేడియేటర్ మీదే ప్రెషర్ మూత ఉంటుంది, పక్కనున్నది పొంగింది పట్టుకునే ఉత్త డబ్బా. దానికి ఒత్తిడి ఉండదు. నా కారులాంటి వాటిలో రేడియేటర్‌కు మూతే ఉండదు, ప్రెషర్ మూత డబ్బాకే ఉంటుంది. అంటే ఇంజన్‌లో తిరిగే కూలెంట్‌కు ఎంత ఒత్తిడి ఉంటే డబ్బాలోనూ అంతే. నా కారు మూత మీద 1.4 అని అచ్చు ఉంది, అంటే 1.4 బార్ దాకా ఒత్తిడిని లోపలే ఆపుతుంది. కుక్కర్‌లో లాగే ఒత్తిడి వల్ల మరిగే వేడి పెరుగుతుంది. మామూలు నీళ్లు 100 డిగ్రీలకు మరిగితే, సగం కూలెంట్ సగం నీళ్లు కలిపి ఈ మూత కింద ఉంచితే 120 దాటినా మరగవు. ఆ ఒత్తిడి పోయిందంటే మే నెల ఎండలో ఇంజన్‌కు కాపలా పోయినట్టే.

2021 జనవరిలో మొదలైంది నా టెన్షన్. గరిష్ఠ గీత దాకా ఉన్న కూలెంట్ మూడు వారాల్లో కనిష్ఠ గీత కిందికి దిగింది. కొంచెం పోశాను. మళ్లీ దిగింది. కారు కింద నేల పొడిగా ఉంది. రాత్రి అట్టముక్క పరిచి పొద్దున్నే చూసినా ఒక్క చుక్క లేదు. ఇంజన్ వేడి చూపే ముల్లు ఎప్పటిలాగే మధ్యలో ఉంది. మా ఊళ్లో ఒక గ్యారేజీకి తీసుకెళితే ఐదు నిమిషాలు చూసి, బయట లీకు లేదు కాబట్టి లోపలికే పోతోంది, హెడ్ గ్యాస్కెట్ (ఇంజన్ పైభాగానికీ కింది భాగానికీ మధ్య ఉండే సీలు) పోయింది, 28 వేలు అవుతుంది అన్నారు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. అమ్మ మందులకు దాచిన డబ్బులు అవి.

హెడ్ దించే ముందు ఇంకొకరికి చూపిద్దామని, తర్వాతి ప్రయాణంలో విజయవాడ ఆటోనగర్‌లో ఒక పెద్ద మేస్త్రి దగ్గరికి వెళ్లాను. అరవై దాటిన మనిషి. ఇంజన్ ముట్టుకోకముందే ప్రశ్నలు మొదలుపెట్టారు. పొద్దున స్టార్ట్ చేస్తే పొగ తెల్లగా వస్తోందా? ఆయిల్ మూత కింద మీగడలాంటిది ఉందా? డబ్బాలో బుడగలు వస్తున్నాయా? లోపల కాళ్ల దగ్గర మ్యాట్ తడిగా ఉందా, అద్దానికి జిడ్డు పొగ పడుతోందా? ఒక్కటీ లేదు. అయితే భయపడకండి బాబూ అన్నారు. ఆ మాటకు నా ప్రాణం కుదుటపడింది. మొదటి మూడూ హెడ్ గ్యాస్కెట్ పోయిన గుర్తులట. మ్యాటూ అద్దమూ ఎందుకు అడిగారంటే, డ్యాష్‌బోర్డు వెనక హీటర్ కోర్ కారితే కూలెంట్ అక్కడే తేలుతుందట.

తర్వాత నీలం ద్రవం ఉన్న గాజు గొట్టం తెచ్చి డబ్బా నోటి మీద పెట్టి, నడుస్తున్న ఇంజన్ నుంచి వచ్చే గాలిని అందులోంచి లాగారు. సిలిండర్‌లో మండిన పొగ కూలెంట్‌లోకి చేరుతుంటే ఆ నీలం పసుపు వైపు తిరుగుతుంది. పది నిమిషాలు చూశాం. నీలం నీలంగానే ఉంది. హెడ్ గ్యాస్కెట్ బాగానే ఉందని అక్కడే తేలిపోయింది.

అసలు పరీక్ష ఆ తర్వాత. ఇంజన్ పూర్తిగా చల్లారాక మూత తీసి, ఆ స్థానంలో గేజీ ఉన్న చేతిపంపు బిగించారు. మూత మీద రాసినంత ఒత్తిడి దాకా కొట్టి వదిలేశారు. ముల్లు నిలవాలి. మాది పావుగంటలో సగానికి పడిపోయింది. పైపులన్నీ పొడిగా ఉన్నాయి, వాటర్ బాడీ (కూలెంట్‌ను తిప్పే పంపు) కింద చిన్న రంధ్రం కూడా పొడిగానే ఉంది. నా ఫోన్ తీసుకుని టార్చ్ వేసి డబ్బా వెనక్కి పెట్టి వీడియో తీశారు. బ్యాటరీ వైపున్న గోడలో, రెండు సగాలను అతికించిన అంచు కింద, వెంట్రుకంత గీత. దాని చుట్టూ ఉప్పు పట్టినట్టు గులాబీ రంగు పెచ్చు. ఒత్తిడి ఉన్నప్పుడు ఆ గీతలోంచి మంచులాగా తుంపర వస్తోంది. పంపు వదిలేయగానే గీత మూసుకుపోయి ఏమీ లేనట్టే ఉంది.

నేల ఎందుకు పొడిగా ఉందో అప్పుడు తెలిసింది. ఇంజన్ వేడెక్కి ఒత్తిడి వచ్చినప్పుడే ఆ గీత తెరుచుకుంటుంది. వచ్చిన తుంపర వేడి ఇంజన్ మీద, గాలికి ఆరిపోతుంది. నీరు పోయి రంగు పెచ్చు మిగులుతుంది. ఇంటికొచ్చి ఆపేసరికి ఒత్తిడి తగ్గి గీత మూసుకుంటుంది. బానెట్ ఎత్తితే తీపి వాసన వస్తూనే ఉండేది, దాన్ని నేను ఆ రెండు నెలలూ పట్టించుకోలేదు. ఈ వాసన, ఈ పెచ్చు, ఈ రెండూ గుర్తు పెట్టుకోండి. పంపు లేకపోయినా పొడి టిష్యూ కాగితం డబ్బా చుట్టూ, పైపుల మొదళ్ల దగ్గర చుట్టి ఇరవై కిలోమీటర్లు తిరిగి వచ్చి చూస్తే మరక ఎక్కడుందో కనిపిస్తుంది. కాకపోతే ఫ్యానుకూ బెల్టుకూ దూరంగా చుట్టాలి. మట్టం చూడాల్సింది పొద్దున్నే, ఇంజన్ స్టార్ట్ చేయకముందు, ఒకే చోట ఆపి. వేడి మీద చూసిన మట్టం పైకే ఉంటుంది, అది లెక్కలోకి రాదు.

9 ఏళ్లు పనిచేసిన డబ్బాను నేను తప్పు పట్టను. వేడెక్కి చల్లారి, వేడెక్కి చల్లారి ప్లాస్టిక్ పెళుసుబారుతుంది. తెల్లది కాస్తా బెల్లం రంగుకు వచ్చింది. అది ముసలితనం. అతికించవచ్చా అని అడిగాను. ఇవి ఎక్కువగా పాలీప్రొపిలీన్‌తో చేస్తారు, దానికి ఎపాక్సీ ముద్ద పట్టదు. సోల్డరింగ్ ఐరన్‌తో కరిగించి అతికితే ఇల్లు చేరేదాకా ఆగుతుందేమో, హైవేకి పనికిరాదు.

ఆ రోజు కంపెనీ పార్టు దొరకలేదు. షాపులో మామూలు బజారు డబ్బా ఉంది, మూతతో కలిపి 650 రూపాయలు. కంపెనీది డబ్బాకు 1,850, మూతకు వేరే 420. 28 వేల గండం తప్పిందన్న సంతోషంలో చౌకదే కొని, మరుసటి వారం ఇంటి దగ్గర నేనే మార్చుకున్నాను. చూడటానికి అచ్చం అలాగే ఉంది. చేత్తో నొక్కితే గోడ కొంచెం లోపలికి వంగింది, పాతది వంగేది కాదు. మూత మీద ఒత్తిడి అంకె ఏమీ లేదు. రెండూ నా కళ్ల ముందే ఉన్నా వదిలేశాను.

2022 జూన్‌లో నందిగామ దాటాక ముల్లు పైకి లేచింది. వెనక సీట్లో అమ్మ ఉంది. ఏసీ ఆపి, హీటర్ వేడి పూర్తిగా పెట్టి, అద్దాలు దించి, రోడ్డు పక్కకు తీశాను. హీటర్ కూడా చిన్న రేడియేటరే, ఇంజన్ వేడిని కొంత లాగేస్తుంది. అప్పుడు ముల్లు ఉన్నట్టుండి కిందికి పడింది. తగ్గిందిలే అనుకుని బయలుదేరితే ఇంజన్ పోయేది. కూలెంట్ ఖాళీ అయితే సెన్సర్ ద్రవంలో కాకుండా గాలిలో ఉంటుంది, అప్పుడు అది తప్పు చెబుతుంది. ఇంజన్ ఆపి, అమ్మను దాబా నీడలో కూర్చోబెట్టి, గంటసేపు ఆగాను. దాబా వాళ్లు మంచి మనసుతోనే మూత తీసి నీళ్లు కొట్టేద్దాం అన్నారు. వద్దని చేతులు పట్టుకున్నాను. ఒత్తిడి మీదున్న మూత తీస్తే మరిగే కూలెంట్ ముఖాన కొడుతుంది. చల్లారాక గుడ్డ వేసి మెల్లగా తిప్పి, తాగే నీళ్ల సీసాలు మూడు పోసి, అరవై దాటకుండా విజయవాడ చేరాం.

ఈసారి డబ్బా పగిలింది గోడ దగ్గర కాదు, పైన సన్నటి రిటర్న్ పైపు తగిలించే ముక్కు మొదట్లో. తప్పంతా ఆ డబ్బాదే అనడం న్యాయం కాదు. పాత స్ప్రింగ్ క్లిప్పు ఒకటి పనిలో ఎక్కడో పడిపోతే నేను స్క్రూ క్లిప్పు వేసి బలంగా బిగించాను. ఆ పైపు కూడా 9 ఏళ్లది, చెక్కలా గట్టిపడింది. గట్టిపడిన పైపు ఇంజన్ కదిలినప్పుడల్లా ముక్కును లాగుతుంది. పలుచటి ప్లాస్టిక్, బిగించిన క్లిప్పు, గట్టి పైపు, మూడూ కలిశాయి. మేస్త్రి గారు పైపు చూపించి చెప్పాక అర్థమైంది.

ఇప్పుడున్నది కంపెనీ డబ్బా, కంపెనీ మూత, కొత్త రిటర్న్ పైపు, కొత్త స్ప్రింగ్ క్లిప్పులు. ఆయన పక్కన నిలబడి చేసిన పని ఇలా సాగింది. చల్లటి ఇంజన్, మూత తీసి ఉన్న కూలెంట్ అంతా సన్నటి గొట్టంతో సీసాలోకి లాగేశాం. పదో నంబరు బోల్టులు రెండు. పైన సన్నపైపు, కింద లావుపైపు. లావుపైపు లాగేటప్పుడు కింద బేసిన్ తప్పదు, మిగిలింది అంతా అక్కడే వస్తుంది. పైపు రాకపోతే గుంజకుండా ముందు మెలితిప్పాలి. మట్టం సెన్సర్ ఉన్న కార్లలో దాని ప్లగ్గు ముందే ఊడదీయాలి. కొత్తది బిగించాక నింపడం దగ్గర తొందరపడితే లోపల గాలి ఇరుక్కుని ఎయిర్ లాక్ అవుతుంది. హీటర్‌ను పూర్తి వేడిలో పెట్టి, గాలి తీసే స్క్రూ తెరిచి, ధార తెగకుండా కూలెంట్ వచ్చేదాకా నెమ్మదిగా పోయాలి. స్క్రూ మూసి, మూత పెట్టి, రేడియేటర్ ఫ్యాను రెండుసార్లు తిరిగి ఆగేదాకా ఇంజన్ నడపాలి. మర్నాడు పొద్దున మట్టం దిగితే మళ్లీ పోయాలి. మాకు అరలీటరు పట్టింది.

కూలెంట్ విషయంలో ఒక మాట గట్టిగా చెప్పాలి. మా నల్లగొండ వైపు బోరు నీళ్లు ఎంత గట్టివో అందరికీ తెలుసు, గిన్నెలో కాస్తే తెల్ల పొర కడుతుంది. అదే పొర రేడియేటర్ సన్న గొట్టాల్లోనూ కడుతుంది. కూలెంట్ గాఢమైనది కొంటే డిస్టిల్డ్ వాటరే కలపాలి, లేదా కలిపి అమ్మే ప్రీమిక్స్ తెచ్చుకోవాలి. నేను ప్రీమిక్సే వాడుతున్నాను. రంగు చూసి కొనొద్దు, ఎరుపైనా పచ్చదైనా రంగు ఒక ప్రమాణం కాదు. కారు పుస్తకంలో రాసిన రకం చూడాలి. దారిలో పోసిన నీళ్లు కూడా ఆ వారమే తీయించి మొత్తం కొత్తగా నింపించాను. తీసిన కూలెంట్ కాలువలో పోయకండి. దీనిలో ఉండే ఇథిలీన్ గ్లైకాల్ తియ్యగా ఉంటుంది, కుక్కలు నాకుతాయి, కొంచెమైనా చంపేస్తుంది. మా వీధిలో కుక్కపిల్లలున్నాయి, పిల్లలున్నారు. సీసాలో బిగించి గ్యారేజీకి ఇచ్చేశాను.

మూడేళ్ల తర్వాత ఈ డబ్బా ఎలా ఉందంటే, తెలుపు కొంచెం మీగడ రంగుకు మారింది, లోపలి మట్టం ఇంకా స్పష్టంగా కనిపిస్తోంది. అంచు వెంట పెచ్చు లేదు. నొక్కితే వంగదు. మూత మరలు అరగలేదు. రెండు వేసవులు కోదాడ, జగ్గయ్యపేట దారిలో 44 డిగ్రీల ఎండలో ఏసీతో నడిపాను, ముల్లు కదలలేదు. నచ్చనిది ఒకటే, గరిష్ఠ, కనిష్ఠ గీతలు బ్యాటరీ వైపు తిప్పి ఉన్నాయి, టార్చ్ లేకుండా కనిపించవు. ముందు వైపు నల్ల మార్కర్‌తో నేనే గీసుకున్నాను. ధర చౌకదానికి మూడింతల పైనే. నందిగామ దగ్గర ఆ గంట గుర్తున్నవాణ్ని కాబట్టి నాకు ఎక్కువ అనిపించలేదు. ఊళ్లోనే పది కిలోమీటర్లు తిరిగే కారైనా, మూత మాత్రం అంకె ఉన్నదే కొనమంటాను. మూతలో రెండు కవాటాలుంటాయి, ఒకటి ఒత్తిడి వదలడానికి, ఇంకొకటి చల్లారాక గాలి లోపలికి తీసుకోవడానికి. ఆ రెండోది పట్టేస్తే పైపులు పొద్దున చప్పిడిగా నొక్కుకుపోయి కనిపిస్తాయి.

గత నెల విజయవాడ బయలుదేరే ముందు చూస్తే మట్టం నా మార్కర్ గీత కంటే చిటికెన వేలు మందం తక్కువ. మూడేళ్లలో తగ్గింది అంతే. ప్రీమిక్స్ పోసి గీతకు తెచ్చాను. మూత రబ్బరు మీద సన్నగా గాట్లు కనిపించాయి, కొత్త మూత ఆర్డర్ పెట్టాను.