నికాన్ అక్యులాన్ 8×42: చెన్నైలో పిట్టలు చూడ్డానికి పనికొస్తుందా?

పళ్లికరణై చిత్తడి పక్కన నిలబడి ఫోన్‌లో ఎంత జూమ్ చేసినా గూడబాతు తెల్లటి మచ్చే. అక్కడిదాకా వెళ్లి మళ్లీ తెర చూసుకోవడమెందుకు? మొదటి బైనాక్యులర్స్‌గా ఈ 8×42 మంచి ఎంపిక. 8 అంటే ఎన్ని రెట్లు పెద్దగా చూపిస్తుందో, 42 అంటే ముందు అద్దం వెడల్పు మి.మీ.లలో. దుకాణంలో 10×42 అంటగట్టబోతారు, వద్దు. బొమ్మతో పాటు చేతి వణుకూ పది రెట్లవుతుంది. పైగా 42ని 8తో భాగిస్తే 5.25 మి.మీ.; కంట్లోకి వచ్చే వెలుగు వెడల్పు అది. పదితో భాగిస్తే 4.2 మాత్రమే. తెల్లవారుజామున ఆ తేడా తెలుస్తుంది. వంద మీటర్ల దూరాన సుమారు 14 మీటర్ల మేర కనిపిస్తుంది కాబట్టి కొమ్మ మారిన లకుముకిని వెతుక్కోవడమూ తేలికే.

'మసగ్గా ఉంది, తలనొప్పి వస్తోంది' అని మూలన పడేసేవాళ్లు చాలామంది అసలు సరిచేసుకోరు. ముందు గొట్టాలను దగ్గరికీ దూరానికీ వంచి లోపల కనిపించే రెండు వలయాలూ ఒక్కటయ్యేలా చూడాలి. కుడి గొట్టానికి మూత పెట్టి, దూరపు బోర్డు మీది అక్షరాలు ఎడమ కంటికి స్పష్టమయ్యేదాకా మధ్య చక్రం తిప్పాలి. తర్వాత ఎడమది మూసి, చక్రం జోలికి పోకుండా, కుడి కన్ను పెట్టే చోటున్న రింగు తిప్పాలి. ఆ రింగును ఇక కదపొద్దు. పిట్ట కనిపించాక చూపు దించకుండా బైనాక్యులర్స్‌నే కళ్ల దగ్గరికి ఎత్తాలి.

కళ్లజోడు ఉన్నవాళ్లకు మాత్రం ఇది ఇబ్బందే. కన్ను అద్దానికి 12 మి.మీ. దూరంలోనే ఉండాలి, కళ్లజోడు అంత దగ్గరికి రానివ్వదు కాబట్టి రబ్బరు కప్పులు లోపలికి తిప్పినా అంచులు కనపడవు. 5 మీటర్ల లోపు ఫోకస్ కాదు, బాల్కనీ మందారం మీది తేనెపిట్టకు పనికిరాదు. బరువు 755 గ్రాములు. మెడపట్టీ వెడల్పాటిది వేసుకోండి.

అన్నిటికంటే పెద్ద లోటు, వాటర్‌ప్రూఫ్ కాదు. వలస పక్షులు దిగేదీ, ఇక్కడ వాన దంచేదీ అక్టోబర్ నుంచి డిసెంబర్ వరకే మరి! ఏసీ కారులోంచి తీయగానే అద్దాలకు ఆవిరి పడుతుంది. తుడవకుండా కాసేపు ఆగితే అదే పోతుంది. చెమ్మకు లోపల బూజు పట్టిందంటే విప్పి శుభ్రం చేయించాల్సిందే. సంచిలో కాకుండా, గాలి చొరబడని డబ్బాలో చెమ్మ పీల్చే సిలికా జెల్ పొట్లాలతో ఉంచాలి. బీచ్ నుంచి వచ్చాక ముందు బ్లోయర్‌తో ఇసుక ఊది, ఆ తర్వాతే మెత్తటి గుడ్డ. చొక్కా అంచుతో రుద్దితే గీతలే.

దుకాణం లోపల గోడ చూసి కొనేయకండి. వీధిలోకి తెచ్చి దూరంగా ఉన్న సెల్‌టవర్ చూడండి. రెండుగా కనిపిస్తే లోపల ప్రిజం (వెలుగును మళ్లించే గాజు దిమ్మ) పక్కకు జరిగినట్టే, ఇంకోటి తీయమనండి.