తిరుపతిలో షుగర్ సెన్సార్ కొంటున్నారా? అకౌంట్ ఎవరి మెయిల్‌తో తెరుస్తున్నారో చూసుకోండి

ఆదివారం పొద్దున్నే షాపు అబ్బాయి ఫోన్ చేసి, "రాత్రి అమ్మకు 58కి పడిపోయింది కదక్కా, ఇంకో రెండు సెన్సార్లు తీసి పెట్టమంటారా" అన్నాడు. ఎంత శ్రద్ధో అనుకున్నాను. మా అమ్మ షుగర్ ఎంతుందో అతనికెలా తెలిసిందన్న ఆలోచన అప్పుడు రాలేదు.

అమ్మకు 64 ఏళ్లు, రెండు పూటలా ఇన్సులిన్. తెల్లవారుజామున చెమటలు పట్టి లేస్తోందని డాక్టరుగారు 14 రోజులు చేతికి సెన్సార్ పెట్టుకోమన్నారు. కొర్లగుంట నుంచి ఆస్పత్రికి మాటిమాటికీ తిరగలేం కాబట్టి, "ఆభా (ఆరోగ్య గుర్తింపు) నంబర్ ఇస్తే చాలక్కా, రీడింగులన్నీ నేరుగా ఆస్పత్రి రికార్డులోకి వెళ్లిపోతాయి" అని షాపులో అంటే, ఆ ఒక్క మాట మీదే 5 వేల దాకా పెట్టి కొన్నాం. యాప్ నా ఫోన్‌లోనే వేశాడు, కానీ అకౌంట్ మాత్రం షాపు మెయిల్‌తో తెరిచి "తర్వాత మార్చుకోవచ్చులే" అన్నాడు. హడావుడిలో నేనూ సరే అన్నాను.

అపాయింట్‌మెంట్‌కు ముందు రోజు యాప్ అప్‌డేట్ అయి పాస్‌వర్డ్ అడిగింది. మార్చుకుందామంటే కోడ్ షాపు మెయిల్‌కే వెళ్తుంది. పోనీలే, ఆస్పత్రి రికార్డులో ఎలాగూ ఉంటుంది కదా అని వెళ్తే, డాక్టరుగారి కంప్యూటర్‌లో పాత ల్యాబ్ రిపోర్టులు తప్ప ఏమీ లేవు. "అన్ని రోజులు సూది దిగేసుకున్నది ఊరికేనా పాపా" అని అమ్మ అడిగితే ఏం చెప్పాలో తెలియలేదు.

తర్వాత ఆస్పత్రిలో కంప్యూటర్ చూసే ఆయన ఓపిగ్గా చెప్పారు. సెన్సార్ చర్మం కింద ద్రవంలోని గ్లూకోజ్ కొలిచి ఫోన్‌కు పంపుతుంది, ఫోన్ నుంచి అది కంపెనీ సర్వర్‌కు వెళ్తుంది. మనం అనుమతిస్తే డాక్టరు కంపెనీ పోర్టల్‌లో చూడగలరు, కానీ అది ఆస్పత్రి రికార్డు కాదు, రెండూ వేర్వేరు సాఫ్ట్‌వేర్లు. ఆస్పత్రి వాళ్లు ప్రత్యేకంగా కలుపుకుంటే తప్ప వాటంతటవి కలవవు. ఆభా అన్నది 14 అంకెల గుర్తింపు నంబర్, అందులో చేరిన ఆస్పత్రులు, ల్యాబ్‌లు మన సమ్మతితో రికార్డులు పంచుకోవడానికి. షాపులో ఆ నంబర్ చెప్పినంత మాత్రాన సెన్సార్ రీడింగులు ఎక్కడికీ పోవు.

మూడుసార్లు తిరిగితే షాపు వాళ్లు రిపోర్టు పీడీఎఫ్ పంపారు. ప్రింట్ తీసి చూపిస్తే డాక్టరుగారు రెండు నిమిషాల్లో పట్టేశారు. రెండు శనివారాలూ రాత్రి 2, 4 గంటల మధ్య గ్రాఫులో షుగర్ గీత 70 కిందకు దిగింది. అమ్మకు శనివారం ఒక్కపొద్దు, రాత్రి అన్నం మాని రెండు ఇడ్లీలతో సరిపెడుతుంది, ఇన్సులిన్ మాత్రం మామూలు డోసే వేసుకుంటుంది. నిద్రలో చెయ్యి ఒంటి కింద పడి నొక్కుకున్నా సెన్సార్ తప్పుగా తక్కువ చూపిస్తుందట, కానీ అమ్మకు చెమటలు కూడా పడుతున్నాయి కాబట్టి ఆ రాత్రి డోసు తగ్గించి, అనుమానం వస్తే వేలి రక్తంతో చూసుకోమన్నారు. ఇంత ముఖ్యమైన సంగతి పాస్‌వర్డ్ లేక వారం పైగా ఆగిపోయింది. ఆ వారంలోనూ ఒక శనివారం వచ్చింది, నేను రాత్రంతా అమ్మ పక్కనే కూర్చున్నాను.

కాబట్టి కొనేముందు రికార్డు సంగతి షాపును కాదు, మీ ఆస్పత్రినే అడగండి: ఈ కంపెనీ సెన్సార్ డేటా మీ సాఫ్ట్‌వేర్‌లోకి నేరుగా వస్తుందా, లేక పీడీఎఫ్ తెస్తే మీరే ఎక్కిస్తారా అని. అకౌంట్ మీ మెయిల్‌తో, మీ ఫోన్ నంబర్‌తో, మీ చేత్తోనే తెరవండి, పాస్‌వర్డ్ కాగితం మీద రాసి ఇంట్లో పెట్టుకోండి. డేటా ఎవరెవరికి కనిపిస్తోందో యాప్‌లో చూసి, అక్కర్లేని వాళ్లను తీసేయండి. సెన్సార్ గడువు అయిపోగానే రిపోర్టు దింపుకుని ప్రింట్ కూడా తీయండి. ఏ రోజు ఏం తిన్నారో, ఎంత ఇన్సులిన్ వేసుకున్నారో ఒక నోట్‌బుక్‌లో రాస్తే ఇంకా మంచిది, మా అమ్మ ఒక్కపొద్దు సంగతి ఏ గ్రాఫూ చెప్పదు కదా.

ఇప్పుడు రెండో సెన్సార్ నా మెయిల్‌తో నడుస్తోంది. పాత అకౌంట్‌లో ఉన్న అమ్మ వివరాలు తీసేయమని షాపులో రాసిచ్చి మూడు వారాలైంది, ఇంకా తీయలేదు. రేపు మళ్లీ వెళ్తున్నాను.