విజయవాడ సింగ్‌నగర్ ఫ్రిజ్ రిపేరు షాపు: నాలుగు స్టార్లు
2024 సెప్టెంబరు 1న బుడమేరు వాగు వరద మా ఇంట్లోకి నడుంలోతు వచ్చింది. ఫ్రిజ్, వాషింగ్ మెషీన్ రెండూ మునిగాయి. గ్రౌండ్ ఫ్లోర్ ఇళ్లకు ప్రభుత్వం ఇచ్చిన 25,000 రూపాయలు పరుపులకీ, పిల్లల పుస్తకాలకీ సరిపోయింది. కంపెనీ సర్వీసు వాళ్లేమో "కొత్తది కొనుక్కోండమ్మా" అని వెళ్లిపోయారు. ఈ షాపు మెకానిక్ మాత్రం అన్నీ విప్పి, బురద కడిగి, మూడు రోజులు ఎండబెట్టి, 1,800కి ఫ్రిజ్ నడిపించాడు. పాపం, ఆయన షాపూ మునిగిందే! డబ్బులు జీతం వచ్చాకే ఇమ్మన్నాడు.

ఆయనే బాగుచేసిన వాషింగ్ మెషీన్ మోటారు నెలకే మళ్లీ పోయింది. ఫోనెత్తడానికి బతిమాలించుకున్నాడు, అందుకే ఒక స్టార్ కోత. ఇలాంటి వరద మళ్లీ వస్తుందేమోనని ఫ్రిజ్‌ను సిమెంటు దిమ్మె మీదకెక్కించాం. ఆ సలహా కూడా ఆయనదే.