జింపీ మస్టర్‌: ఒక్కరోజు వెళ్లొద్దామా, టెంటు వేద్దామా?

ఆగస్టు వస్తే ఆస్ట్రేలియాలోని బ్రిస్బేన్‌లో కొందరు మనవాళ్లకు ఇదే తర్జనభర్జన. క్వీన్స్‌లాండ్‌లోని అమమూర్ క్రీక్ అడవిలో జరిగే ఈ కంట్రీ మ్యూజిక్ పండగ 1982లో మొదలైంది. సేవా సంస్థలకు విరాళాలు పోగుచేయడం దీని ప్రత్యేకత.

ఖర్చు: ఒక్కరోజైతే టికెట్టు, పెట్రోలు, తిండి. టెంటైతే అన్ని రోజుల టికెట్టు, పైగా సామాను. స్నేహితుల దగ్గర అరువు దొరికితే మాత్రం కొనొద్దు.

శ్రమ: ఒక్కరోజుకు పోనూ రానూ నాలుగైదు గంటల డ్రైవింగ్. టెంటుకు ఒక పూట సర్దుడు, ఇంకో పూట విప్పుడు.

రిస్క్: చీకటి పడ్డాక రోడ్డు మీదికి కంగారూలు దూకుతాయి, నిద్రమత్తు సరేసరి. టెంటు దగ్గర అసలు టెన్షన్ చలే. అక్కడ అది చలికాలం. పగలు చొక్కాతో తిరిగినవాళ్లే తెల్లారుజామున రెండు రగ్గుల్లోనూ వణుకుతారు. వానొస్తే బురద.

సరదా: ఇక్కడ పోటీయే లేదు. పెద్ద స్టేజి ఆగాక నెగళ్ల చుట్టూ చేరి గిటార్లు వాయించే సరదా రాత్రి అక్కడే ఉండిపోయినవాళ్లకే దక్కుతుంది. పొద్దున్నే వాగులో ప్లాటిపస్ (బాతుముక్కు జంతువు) కనబడినా కనబడొచ్చు.

పులిహోర డబ్బా ఎలాగూ కడతాం. ఒక పూటైనా వలంటీర్లు నడిపే కౌంటర్లలో తినండి.

చంటిపిల్లలు, మోకాళ్ల నొప్పులున్న అమ్మమ్మలు ఉంటే ఒక్కరోజు చాలు, చీకటి పడకముందే బయల్దేరండి. కుర్రకారుకు, పాటల పిచ్చి ఉన్నవాళ్లకు టెంటే.