కంట్రోలర్‌ని చేతికి కుదుర్చుకోవడం: పీసీలో ఆరేళ్ల వాడకం తర్వాత

కంట్రోలర్‌ని బల్ల మీద పెట్టి మంచినీళ్లు తాగి వచ్చేసరికి గేమ్‌లో నా పాత్ర తల మెల్లగా ఎడమవైపు తిరుగుతూ ఉంది. ఎవరూ ముట్టుకోలేదు. బొటనవేలితో తిప్పే కుడి స్టిక్‌ని ఒకసారి గట్టిగా తిప్పి వదిలితే ఆగింది, ఐదు నిమిషాలకు మళ్లీ మొదలైంది. అప్పటికి ఆ కంట్రోలర్ కొని రెండేళ్లు. ఇక దీని పని అయిపోయింది, కొత్తది కొనాలి అనుకున్నాను. కానీ కొనలేదు, దాన్నే ఇంకో ఏడాది వాడాను. ఆ ఏడాది నేర్చుకున్నదంతా ఇప్పుడు వాడుతున్న రెండో కంట్రోలర్‌కి కూడా పనికొచ్చింది. మొత్తం ఆరేళ్లు. ఆ అనుభవం మీదే ఈ సమీక్ష.

ముందు ఆ డ్రిఫ్ట్ సంగతి, అంటే ముట్టుకోకపోయినా స్టిక్ కదిలినట్టు గేమ్‌కి అందడం. మామూలు కంట్రోలర్‌లో ప్రతి స్టిక్ కింద అది ఎటు ఎంత వంగిందో కొలిచే రెండు పొటెన్షియోమీటర్లు ఉంటాయి, అడ్డంగా ఒకటి, నిలువుగా ఒకటి. లోపల సన్నని కార్బన్ పూత మీద ఒక లోహపు రేకు రాసుకుంటూ తిరుగుతుంది. రాసుకున్నప్పుడల్లా ఆ పూత కాస్త అరుగుతుంది. స్టిక్ ఎక్కువసేపు ఉండేది నడిమధ్యలోనే కాబట్టి అరుగుదల ప్రభావం కూడా అక్కడే ముందుగా తెలుస్తుంది. హాల్ ఎఫెక్ట్ స్టిక్‌లలో ఈ రాపిడి లేదు. అయస్కాంతం కదులుతుంది, సెన్సర్ దూరం నుంచే చదువుతుంది. ఇదేమీ కొత్త సంగతి కాదు, 1998లో వచ్చిన సెగా గేమ్ కన్సోల్ డ్రీమ్‌కాస్ట్ కంట్రోలర్ స్టిక్ ఈ పద్ధతిలోనే పనిచేసింది. నా రెండో కంట్రోలర్ హాల్ ఎఫెక్ట్‌దే. మూడేళ్లయినా డ్రిఫ్ట్ జాడ లేదు. అయితే స్ప్రింగు స్ప్రింగే కదా, వదిలిన ప్రతిసారీ సరిగ్గా ఒకే చోటికి రాదు. అందుకని దానికీ కొంచెం డెడ్ జోన్ పెట్టాల్సి వచ్చింది.

డెడ్ జోన్ అంటే స్టిక్ నడిమధ్యలో 'ఇక్కడ జరిగే కదలికను పట్టించుకోవద్దు' అని గీసుకున్న వలయం. మొదట్లో నేను దాన్ని డ్రిఫ్ట్‌కి మందులాగే చూశాను. 25 శాతానికి లాగేశాను, తల తిరగడం ఆగిపోయింది, హాయిగా ఉంది. రెండు రోజులు ఆడాక తెలిసింది, చిన్న సర్దుబాటు ఒక్కటీ కుదరడం లేదని. దూరంలో ఉన్న గురిని రవ్వంత జరపాలంటే స్టిక్‌ని చాలా దూరం నెట్టాలి, నెట్టగానే అది దాటిపోతుంది.

అప్పుడు కూర్చుని లెక్క చూశాను. ఎక్స్‌ఇన్‌పుట్‌లో (విండోస్ గేమ్‌లు కంట్రోలర్‌ని చదివే మైక్రోసాఫ్ట్ పద్ధతి) స్టిక్ విలువ −32768 నుంచి 32767 వరకు ఉంటుంది. డెవలపర్లకు మైక్రోసాఫ్ట్ సూచించిన డెడ్ జోన్ ఎడమ స్టిక్‌కి 7849, కుడి స్టిక్‌కి 8689. అంటే కుడి స్టిక్ కదలికలో 26 శాతం పైనే.  దాన్ని అలాగే వాడే గేమ్‌లో, దాని మీద నేను ఇంకో పాతిక శాతం పెట్టాను. డెడ్ జోన్ మీద డెడ్ జోన్. అప్పటి నుంచి నా నియమం ఒకటే: డెడ్ జోన్ ఒక్క చోటే ఉండాలి. గేమ్ సెట్టింగ్స్‌లో తగ్గించే వీలుంటే అక్కడ సున్నా చేసి స్టీమ్ ఇన్‌పుట్‌లో (స్టీమ్ గేమ్ స్టోర్‌లో కంట్రోలర్‌ని మనకు కావలసినట్టు మార్చుకునే సాధనం) పెడతాను. గేమ్ ఒప్పుకోకపోతే స్టీమ్ వైపు సున్నా చేసి, యాంటీ డెడ్ జోన్ వాడతాను. ఇది గేమ్ వదిలేసే భాగాన్ని ఒక్క గెంతులో దాటించి, స్టిక్ కదిలిన వెంటనే ఫలితం కనిపించేలా చేస్తుంది.

ఎంత పెట్టాలన్నది ఊహ మీద వదలొద్దు. స్టీమ్‌లో స్టిక్ స్థానాన్ని చుక్కగా చూపించే కాలిబ్రేషన్ స్క్రీన్ తెరిచి, స్టిక్‌ని పైకి, కిందికి, పక్కలకి, మూలలకి నెట్టి ఒక్కసారిగా వదిలి, చుక్క ఎక్కడ ఆగుతోందో పది పదిహేను సార్లు చూడండి. అన్నిటికంటే దూరంగా ఆగిన చోటు చూసి, దానికి ఒకటి రెండు శాతం కలపండి. నా పాత కంట్రోలర్‌లో కుడి స్టిక్ 11 శాతం దగ్గర ఆగేది, 13 పెట్టాను. కొత్తదానికి 3 సరిపోయింది. వలయం ఆకారం కూడా చూసుకోవాలి. గుండ్రటి డెడ్ జోన్ కాకుండా అడ్డానికీ నిలువుకీ విడివిడిగా లెక్కేసే రకం ఉంటే, నెమ్మదిగా ఐమూలగా జరపాలనుకున్న గురి అడ్డంగానో నిలువుగానో అతుక్కుపోతుంది. చెయ్యి వణుకుతోందేమో అనుకుని నన్ను నేను చాలాకాలం నిందించుకున్నాను. తప్పు చేతిది కాదు.

విండోస్‌లో పాత గేమ్ కంట్రోలర్ కాలిబ్రేషన్ విండో ఒకటి ఉంటుంది. అది ఎక్స్‌ఇన్‌పుట్‌కి ముందున్న పద్ధతి, డైరెక్ట్‌ఇన్‌పుట్ కాలం నాటిది. ఇప్పటి గేమ్‌లలో ఎక్కువ భాగం చదివేది ఎక్స్‌ఇన్‌పుట్, దానికి ఆ సర్దుబాటు అంటదు. అక్కడ సమయం పెట్టకండి.

ఈ ఎక్స్‌ఇన్‌పుట్ గురించి ఇంకొంచెం చెప్పాలి, ఎందుకంటే కస్టమైజేషన్ అవసరమంతా అక్కడే పుట్టింది. 2005లో ఎక్స్‌బాక్స్ 360తో పాటు వచ్చిన ఈ పద్ధతి కంట్రోలర్ అంటే ఒకే ఆకారం అనుకుంటుంది: రెండు స్టిక్‌లు, రెండు ట్రిగ్గర్లు, ఒక డీ-ప్యాడ్ (నాలుగు దిక్కుల బటన్), కొన్ని బటన్లు, ఒకేసారి నాలుగు కంట్రోలర్లు. దాని పుణ్యమా అని ఆ పద్ధతి పాటించే ఏ కంట్రోలర్ గుచ్చినా గేమ్ వెంటనే గుర్తుపడుతుంది. కానీ ఆ పట్టికలో గైరో (కంట్రోలర్ ఎటు తిరిగిందో పసిగట్టే సెన్సర్) లేదు, వెనక బటన్లు లేవు, టచ్‌ప్యాడ్ లేదు. అవి మీ కంట్రోలర్‌లో ఉన్నా గేమ్‌కి తెలియవు. తెలియజేయడానికి మధ్యవర్తి కావాలి. నాకు ఆ మధ్యవర్తి స్టీమ్ ఇన్‌పుట్. స్టీమ్‌లో కొనని గేమ్‌ని కూడా లైబ్రరీలో చేర్చి దీని ద్వారా నడపవచ్చు. ఒక్కో గేమ్‌కి ఒక్కో లేఅవుట్ (బటన్ల అమరిక) దాచుకోవచ్చు. ఇంత లోతు ఉన్న ఉచిత సాధనం నేను ఇంకోటి చూడలేదు. మెనూలు అలవాటు కావడానికి మాత్రం వారం పడుతుంది, ఆ వారం ఓపిక పట్టాలి.

మధ్యవర్తి ఒక్కరే ఉండాలి. ఇది నేను కష్టపడి నేర్చుకున్న పాఠం. ఒకసారి గేమ్ మెనూలో కిందికి ఒక్కసారి నొక్కితే రెండు వరుసలు దిగుతోంది. సంచి తెరిస్తే వెంటనే మూసుకుంటోంది. బటన్ పాడైందని విప్పబోయాను కూడా. అసలు జరిగింది వేరు: బటన్ల పనులు మార్చే వేరే రీమాపింగ్ సాఫ్ట్‌వేర్ ఒకటి వెనకాల నడుస్తోంది, అది ఒక నకిలీ కంట్రోలర్‌ని తయారుచేసింది. గేమ్‌కి అసలుదీ కనిపిస్తోంది, నకిలీదీ కనిపిస్తోంది. నా ఒక్క నొక్కుడు రెండు చేతుల నుంచి వచ్చినట్టు అందుతోంది. అలాంటి సాఫ్ట్‌వేర్ తప్పనిసరైతే హిడ్‌హైడ్ అనే చిన్న ఉచిత డ్రైవర్‌తో అసలు కంట్రోలర్‌ని గేమ్ కంట పడకుండా దాచవచ్చు. లేదంటే ఒకటి పూర్తిగా మూసేయండి.

ఇక గైరో. నా అభిప్రాయంలో పీసీలో కంట్రోలర్‌కి ప్రాణం పోసేది ఇదే. కంట్రోలర్‌ని చేతుల్లో రవ్వంత వంచితే గురి కదులుతుంది. మొదటి రెండు వారాలు నాకు అస్సలు నచ్చలేదు. మొత్తం గురి అంతా గైరోతోనే తిప్పాలని చూడటం వల్ల అలా అయింది. దాని పని అది కాదు. పెద్ద మలుపు స్టిక్‌తో, చివరి సర్దుబాటు మణికట్టుతో. ఎడమ ట్రిగ్గర్ సగం నొక్కినప్పుడే గైరో మేలుకునేలా పెట్టాక అంతా మారిపోయింది. తుపాకీ ఎత్తితే గైరో వస్తుంది, దించితే పోతుంది. సోఫాలో పక్కకి జరిగినా, చేతులు మార్చుకున్నా గురి చెదరదు. సెన్సిటివిటీ విషయంలో తొందరపడకండి. కంట్రోలర్ ఒక డిగ్రీ తిరిగితే గేమ్‌లో మూడు డిగ్రీలు తిరిగేలా పెట్టుకున్నాను నేను. అక్కడికి చేరడానికి నెల పట్టింది. ఒకటితో మొదలుపెట్టి, వారానికి కాస్త చొప్పున పెంచాను. రోజూ మారుస్తూ పోతే చేతికి గుర్తు నిలవదు.

గైరోకి తనదైన డ్రిఫ్ట్ ఉంది, అది స్టిక్ డ్రిఫ్ట్ లాంటిది కాదు. సెన్సర్ వేడెక్కితే దాని సున్నా స్థానం కొంచెం జరుగుతుంది. చల్లగా ఉన్నప్పుడు కాలిబ్రేట్ చేసి ఆడటం మొదలుపెడితే పావుగంటకి గురి పక్కకి పాకుతున్నట్టు ఉంటుంది. కంట్రోలర్ చేతిలో వెచ్చబడ్డాక, కదలని బల్ల మీద పెట్టి కాలిబ్రేట్ చేస్తే ఆ బాధ తప్పింది. ఒడిలో పెట్టుకుని చేయకండి, ఊపిరి పీల్చినా కదులుతుంది.

ఒక్క నిరాశ మిగిలింది. గైరో మౌస్‌లా పనిచేస్తే అద్భుతంగా ఉంటుంది, కానీ కొన్ని గేమ్‌లు మౌస్‌నీ కంట్రోలర్‌నీ ఒకేసారి ఒప్పుకోవు. స్టిక్ కదిపితే తెర మీద కంట్రోలర్ బటన్ల బొమ్మలు, గైరో కదిపితే కీబోర్డు బొమ్మలు, క్షణానికోసారి మారుతూ కళ్లు నొప్పెడతాయి. మారిన ప్రతిసారీ కొన్ని గేమ్‌లు కాస్త తడబడతాయి కూడా. అలాంటి చోట గైరోని స్టిక్‌లా పనిచేయించాలి, అది సగం ఫలితమే. గేమ్ తయారుచేసేవాళ్లు ఈ ఒక్కటి సరిచేస్తే ఎంత మేలు చేసినవాళ్లవుతారో.

వెనక బటన్లు నాలుగున్నాయి నా కంట్రోలర్‌కి. నేను వాడేది రెండే. దూకడం ఒకదానికి, పరిగెత్తడం ఒకదానికి. కుడి బొటనవేలు స్టిక్ వదలకుండా దూకగలగడం చిన్న విషయంలా వినిపిస్తుంది కానీ, ఆడి చూస్తే వెనక్కి వెళ్లబుద్ధి కాదు. మిగతా రెండూ ఉత్కంఠలో చెయ్యి బిగుసుకున్నప్పుడు వాటంతటవే నొక్కుకుపోతున్నాయి, ఆపేశాను. ట్రిగ్గర్ నొక్కాల్సిన దూరం తగ్గించే స్విచ్ షూటింగ్ గేమ్‌లకి మంచిది. దాన్ని అలాగే ఉంచి కార్ల గేమ్ మొదలుపెట్టాను ఒకసారి, కారు ఎంతకీ పూర్తి వేగం అందుకోదు. ట్రిగ్గర్ సగంలోనే ఆగిపోతుంటే ఎలా అందుకుంటుంది?

వైర్‌లెస్ తెగిపోతుందని బాధపడేవాళ్లు డాంగిల్ (కంట్రోలర్ సిగ్నల్ అందుకునే, పీసీకి గుచ్చే ముక్క) ఎక్కడ పెట్టారో ఒకసారి చూసుకోండి. నాది పీసీ వెనకాల, ఎక్స్‌టర్నల్ డ్రైవ్ గుచ్చిన పోర్టు పక్కనే ఉండేది. పెద్ద ఫైల్ కాపీ అవుతుంటే చాలు, నొక్కిన బటన్ అలాగే నొక్కుకుని ఉండిపోయేది, నా పాత్ర గోడకి గుద్దుకుంటూ నడిచేది. యూఎస్‌బీ 3.0 నడుస్తున్నప్పుడు 2.4 గిగాహెర్ట్జ్ దగ్గర రేడియో గోల పుట్టిస్తుందని ఇంటెల్ 2012లోనే ఒక పత్రంలో వివరించింది. చిన్న ఎక్స్‌టెన్షన్ కేబుల్‌తో డాంగిల్‌ని బల్ల మీదికి తెచ్చాను. ఆ తర్వాత ఒక్కసారి కూడా తెగలేదు.

పోలింగ్ రేటు గురించి, అంటే కంట్రోలర్ స్థితి సెకనుకి ఎన్నిసార్లు పీసీకి అందుతుందన్న దాని గురించి ఒక్క మాట. 125 హెర్ట్జ్ అంటే 8 మిల్లీసెకన్లకోసారి, 250 అంటే 4, 1000 అంటే 1. సెకనుకి 60 ఫ్రేములు వచ్చే గేమ్‌లో ఒక్కో ఫ్రేమే 16.7 మిల్లీసెకన్లు. 250కీ 1000కీ తేడా నా చేతికి తెలియలేదు. వీసింక్ (ఫ్రేములను తెర వేగానికి కట్టేసే సెట్టింగ్) తీసేస్తే మాత్రం వెంటనే తెలిసింది.

ఫర్మ్‌వేర్ (కంట్రోలర్ లోపలి సాఫ్ట్‌వేర్) అప్‌డేట్ ఒకసారి కంట్రోలర్‌లో దాచుకున్న ప్రొఫైల్స్ అన్నిటినీ తుడిచేసింది. అప్పటి నుంచి ప్రతి సెట్టింగ్ స్క్రీన్‌నీ ఫోన్‌లో ఫొటో తీసి పెట్టుకుంటున్నాను, మీరూ తీయండి.

ఇప్పుడు నాకు అన్నిటికంటే ముఖ్యమైన ప్రొఫైల్ నాది కాదు, మా అక్కది. విరిగి అతుక్కున్నాక ఆమె కుడి బొటనవేలు సరిగా వంగదు. కంట్రోలర్ పట్టుకుంటే ఎడమ చెయ్యి ఆడేది, కుడి చెయ్యి ఊరికే పక్కన ఉండేది. ఒక ఆదివారం కూర్చుని కుడివైపు నాలుగు బటన్లలో రెండు వెనక్కి, రెండు డీ-ప్యాడ్‌కి మార్చాను. చూపు మొత్తం గైరోకి ఇచ్చాను, నాలా ట్రిగ్గర్‌తో కాకుండా ఎప్పుడూ మేలుకునే ఉండేలా. సర్దుకుని కూర్చోవాలంటే ఎడమ వెనక బటన్ పట్టుకుంటే గైరో ఆగుతుంది.

"అక్కా, కుడి బొటనవేలు అసలు కదపకు. అటు చూడాలంటే కంట్రోలర్‌నే అటు తిప్పు" అన్నాను.

తిప్పింది. కొండ మీద నుంచి లోయ అంతా ఒకసారి నెమ్మదిగా చూసింది. "ఒరేయ్, ఇది నేను చూసినట్టే చూస్తోందిరా" అంది. ఆ సాయంత్రం ఆమె ఆట ఏమీ ఆడలేదు, నడుస్తూ చూస్తూనే ఉంది.

ఆ లేఅవుట్‌ని ఇప్పటికి పద్నాలుగు సార్లు మార్చాం. కిందటి వారం డీ-ప్యాడ్ మీద ఉన్న రెండిట్లో ఒకటి ఎడమ స్టిక్ నొక్కుడికి మార్చమంది, పరిగెడుతూ తలుపు తీయడం కుదరడం లేదట. మార్చాను. అది కూడా సరిగ్గా కుదరలేదు, ఈ వారం ఎక్కువసేపు నొక్కితేనే పనిచేసేలా పెట్టి చూస్తాం.