గోల్ఫ్ బంతి, టేబుల్ టెన్నిస్ బంతి: సైజు దాదాపు ఒకటే, తీరు వేరు

టేబుల్ టెన్నిస్ బంతి వ్యాసం 40 మి.మీ. గోల్ఫ్ బంతి 42.67 మి.మీ. కంటే చిన్నదిగా ఉండకూడదు. బరువులో మాత్రం పొంతనే లేదు: మొదటిది 2.7 గ్రాములు, రెండోది గరిష్ఠంగా 45.93. దాదాపు పదిహేడు రెట్లు! అందుకే ఎంత గట్టిగా కొట్టినా తేలికైన బంతి జోరును గాలి కొద్ది దూరంలోనే తగ్గించేస్తుంది. స్పిన్‌కి మాత్రం అది ఇట్టే వంపు తిరుగుతుంది; ఆ ఆట అందమంతా నాకు అందులోనే కనిపిస్తుంది.

గోల్ఫ్ బంతి రహస్యం దాని గుంతల్లో ఉంది. నున్నటి బంతిని గాలి త్వరగా వదిలేస్తుంది, వెనక పెద్ద సుడి ఏర్పడి బంతిని లాగుతుంది. గుంతలు బంతిని ఆనుకున్న పలుచని గాలి పొరను కలచివేస్తాయి. ఆ గాలి ఇంకాస్త సేపు బంతిని అంటిపెట్టుకుంటుంది, సుడి చిన్నదవుతుంది. నున్నటిదాని కంటే గుంతలదే ఎక్కువ దూరం పోవడం నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.