ఎపిడారస్: థియేటర్ చూసి వెనక్కి తిరగకండి, నిద్రశాల దాకా వెళ్ళండి

గ్రీస్ వెళ్ళే మనవాళ్ళు ఎక్కువగా ఏథెన్స్, శాంటోరిని చూసుకుని వచ్చేస్తారు. ఒక్క రోజు మిగిలినా ఎపిడారస్ వెళ్ళిరండి. కాకపోతే నేను ఎక్కినలాంటి టూర్ బస్సు ఎక్కొద్దు. మైసీనీ, నాఫ్‌ప్లియో, ఎపిడారస్ మూడూ ఒకే రోజులో చూపిస్తామన్నారు. ఎపిడారస్‌లో ఉన్న కాస్త టైమూ థియేటర్‌లోనే, అంటే ఆరుబయట రాతి మెట్లతో ఉన్న ప్రాచీన నాటకశాలలోనే, అయిపోయింది. గైడ్ కింద మధ్యలో నిలబడి చప్పట్లు కొట్టి, పై వరసల్లోవాళ్ళకి వినిపించిందా అని అడిగింది. చక్కగా వినిపించింది. థియేటర్ గొప్పదే, కాదనను. కానీ ప్రాచీన కాలంలో రోగులు అంతంత దూరాల నుంచి ఇక్కడికి వచ్చింది జబ్బు నయం కావాలని దేవుడి దగ్గర నిద్ర చేయడానికి. ఆ నిద్ర చేసిన చోటు చూపించకుండానే బస్సు ఎక్కించేశారు.

నాకు మనసొప్పలేదు. నాఫ్‌ప్లియోలో గది తీసుకుని మర్నాడు మామూలు బస్సులో మళ్ళీ వెళ్ళాను.

ఇది అస్క్లేపియస్ అనే వైద్యదేవుడి క్షేత్రం. క్రీస్తుపూర్వం 4వ శతాబ్దంలో బాగా వెలిగింది. రోగులు స్నానం చేసి, బలి ఇచ్చి, రాత్రికి అబాటన్ అనే పొడవాటి వసారాలో అందరూ కలిసి పడుకునేవారు. దేవుడు కలలోకి వచ్చి వైద్యం చేస్తాడని నమ్మకం. మా నెల్లూరు జిల్లా ఏఎస్ పేట దర్గాలో హిందువులూ ముస్లింలూ పక్కపక్కనే నిద్ర చేయడం చిన్నప్పటి నుంచి చూసినదాన్ని, నాకు ఇందులో వింతేమీ కనిపించలేదు. అబాటన్‌లో కొన్ని స్తంభాలు మళ్ళీ నిలబెట్టారు. నేల పల్లంగా ఉన్న వైపు రెండు అంతస్తులు ఉండేవట. నేను వెళ్ళినప్పుడు అక్కడ ఎవరూ లేరు, జనమంతా థియేటర్ దగ్గరే.

అసలు విషయం మ్యూజియంలో ఉంది. చిన్నదే, తొందరపడకండి. నయమైనవాళ్ళ కథలు చెక్కిన శాసనాలు అక్కడ పెట్టారు. క్రీస్తుశకం 2వ శతాబ్దంలో పౌసానియస్ అనే యాత్రికుడు వచ్చేసరికే ఆరు పలకలు మిగిలాయని, పూర్వం ఇంకా ఉండేవని రాశాడు. 1881లో కవ్వాడియాస్ అనే గ్రీకు పురావస్తు పరిశోధకుడు తవ్వకాలు మొదలుపెట్టాక వాటిలో కొన్ని బయటపడ్డాయి.

వాటిలో అరాటా కథ ఒక్కటి చదివి వచ్చినా చాలు. స్పార్టా అమ్మాయి. ఒళ్ళంతా నీరు పట్టింది, ప్రయాణం చేయలేదు. వాళ్ళమ్మే కూతురి బదులు వచ్చి ఇక్కడ నిద్ర చేసింది. కలలో దేవుడు కూతురి తల తీసి, మొండేన్ని తలకిందులుగా వేలాడదీశాడు. నీరంతా కారిపోయాక దించి, తల మళ్ళీ అతికించాడు. తల్లి ఇంటికి వెళ్ళేసరికి కూతురు లేచి తిరుగుతోంది. తనకీ అదే కల వచ్చిందని చెప్పింది.

నేను నర్సుని. మన ఆసుపత్రుల్లో ‘పేషెంట్ తాలూకు ఎవరమ్మా?’ అని పిలిస్తే వరండాలో చాప మీద నుంచి లేచి వచ్చే తల్లుల్ని ఎందరినో చూశాను. అరాటా తల్లి వాళ్ళలో ఒకరు. బిడ్డ జబ్బు తనకి రాకపోయినా బిడ్డ కల తనకి వచ్చింది. వైద్యం గురించి నేను చదివినవాటిలో పేషెంట్ తాలూకు మనిషికి ఇంత చోటు ఇచ్చింది ఇంకోటి లేదు. ఆ పలక ముందు చాలాసేపు నిలబడిపోయాను.

మిగతా కథల్లో యూఫానీస్ అనే పిల్లాడిది నాకిష్టం. రాళ్ళ జబ్బు. నయం చేస్తే ఏమిస్తావని దేవుడు కలలో అడిగితే, నా పది పాచికలు ఇస్తానన్నాడు. దేవుడు నవ్వి నయం చేశాడు. హెర్మోన్ అనేవాడు చూపు వచ్చాక మొక్కు చెల్లించలేదు, చూపు మళ్ళీ పోయింది. తిరిగొచ్చి నిద్ర చేస్తే మళ్ళీ వచ్చింది. మొక్కు ఎగ్గొట్టినవాణ్ణి కూడా చివరికి వదిలేయలేదన్నది నాకు నచ్చింది. ఒక్కటే నచ్చలేదు. క్షేత్రం హద్దుల్లో ఎవరూ చనిపోకూడదు, కాన్పు కాకూడదు. ప్రాణం పోయే స్థితిలో ఉన్నవాళ్ళని ఆరుబయటికి పంపేసేవారు. క్రీస్తుశకం 2వ శతాబ్దంలో ఆంటోనినస్ అనే రోమన్ సెనేటర్ వాళ్ళ కోసం ఇల్లు కట్టించేదాకా ఇదే పరిస్థితి. ఆయన పేరు ఇంకా ఎక్కువమందికి తెలియాలి.

వెళ్ళేవాళ్ళకి: ఎపిడారస్ పేరుతో సముద్రం ఒడ్డున ఇంకో ఊరు ఉంది. బస్సు ఎక్కేముందు ప్రాచీన థియేటర్ దగ్గర ఆగుతుందా అని అడగండి. శాసనాలు పాత గ్రీకులో ఉంటాయి, ఇంగ్లీషు అనువాదం ముందే చదువుకుని వెళ్ళండి. మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళు థియేటర్ మెట్లు ఎక్కక్కర్లేదు, మ్యూజియం, అబాటన్ చూస్తే చాలు. క్షేత్రానికి 5కి 5 ఇస్తాను. టూర్‌కి 2, అదీ డ్రైవర్ జాగ్రత్తగా నడిపినందుకు.